ఎకరాల్లో ఇచ్చినారు, అంకణాల్లో అమ్ముకున్నారు

"మన ఊరు ఎంత పెరిగిపోయిందబ్బా" అని మురిసిపోయే ముందు బైపాస్ పక్క లేఅవుట్ల సర్వే నెంబర్లు ఒకసారి చూడండి. తిరుపతి, చిత్తూరు చుట్టూ ఉండే చిన్న టౌన్లకే చెబుతున్నా. డీకేటీ పట్టా కింద భూమి లేని పేదలకు ఎకరాల్లో ఇచ్చిన నేల 36 చదరపు అడుగుల అంకణాల లెక్కన ఎట్లా అమ్ముడుపోయిందో తెలియాలంటే పెద్దోళ్లను అడగాల్సిన పనిలేదు, కాయితాలే చెబుతాయి.

మొదట ఆర్‌ఎస్‌ఆర్ (రీసెటిల్‌మెంట్ రిజిస్టరు, బ్రిటిషోళ్ల కాలం నాటి భూమి లెక్క) తీయించండి. కార్వేటినగరం, పుంగనూరు లాంటి పాత జమీందారీ ఊళ్లకైతే దాని బదులు సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్. పట్టాదారు గడిలో పేరుందా, పోరంబోకు అనుందా, ఎవరిదో తేల్చకుండా పెట్టిన ఉత్త చుక్కలున్నాయా చూడండి. తర్వాత తహసీల్దారు ఆఫీసులో అసైన్‌మెంట్ రిజిస్టరు: పట్టా ఎవరికి, ఏ ఏడాది, ఎన్ని సెంట్లు. ఆపైన అడంగల్ (ఏటా ఏ చేను ఎవరి అనుభవంలో ఉందో రాసే లెక్క) నకళ్లు. ఇవి ఫసలీల్లో (జులై నుంచి జూన్ దాకా లెక్కేసే రెవెన్యూ ఏడాది) ఉంటాయి, 590 కలుపుకోండి. 1390 ఫసలీ అంటే 1980-81. అనుభవదారు గడిలో పేరు మారిన ఏడాది దగ్గర ఆగండి. అసలు కథ అక్కడుంది.

ఈసీ (రిజిస్టరైన లావాదేవీలు చూపే పత్రం) ఖాళీగా వచ్చిందని నమ్మేయొద్దు. డీకేటీ భూమి స్టాంపు కాయితం మీద అగ్రిమెంటుతో చేతులు మారుతుంది. పెండ్లికో ఆస్పత్రికో అప్పు, కుదవగా పట్టా, చివరికి వడ్డీ కింద చేను. పైగా సర్వే నెంబరును సబ్‌డివిజన్లుగా చీల్చినాక పాత నెంబరుతో వెతికితే కొత్త దస్తావేజులు కనబడవు. 1983కు ముందువి ఆన్‌లైన్‌లో ఉండవు, సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో పుస్తకాలే తిప్పించాలి.

ఈ అమ్మకాలు చెల్లవని, భూమి వెనక్కి తీసుకుని అసలు పట్టాదారుకో వారసులకో ఇవ్వొచ్చని 1977 అసైన్డ్ భూముల చట్టమే చెప్పింది. 20 ఏళ్లు దాటితే అమ్ముకోవచ్చని 2023లో సవరించినారు కదా అంటారు. ఆ హక్కు అసలు పట్టాదారుకు, వారసులకు. అగ్రిమెంటు జేబులో పెట్టుకుని కాచుక్కూర్చున్నోళ్లకు కాదు.

"ఫైలు దొరకలేదు" అన్నా వదలొద్దు. 2022 దాకా మన చిత్తూరు జిల్లాలోనే ఉన్న మదనపల్లెలో, 2024 జులై 21 రాత్రి సబ్‌కలెక్టర్ ఆఫీసులో ఫైళ్లు కాలిపోయినాయి. అయినా ఒక భూమి లెక్క ఒక్క బీరువాలోనే ఉండదు; తహసీల్దారు, సర్వే, రిజిస్ట్రేషన్ ఆఫీసులు మూడింటినీ విడివిడిగా అడగండి. ఆర్టీఐ (సమాచార హక్కు) దరఖాస్తులో "పూర్తి వివరాలు" అని రాస్తే తిప్పి పంపుతారు. ఊరు, సర్వే నెంబరు, ఫసలీ రాసి నకలు అడగండి. 30 రోజుల్లో జవాబు రాకపోతే అదే శాఖలో పైఅధికారికి అప్పీలు.

"ఇప్పుడెందుకప్పా పాతవి తవ్వేది, ఇండ్లు కట్టుకున్నోళ్లు ఏమైపోవాల?" ఇదీ మామూలు మాటే. నాలుగు అంకణాలు కొనుక్కున్నోడిని రోడ్డున పడేయమని ఎవరూ అనడంలేదు. అగ్రిమెంటు రాయించుకున్నోడెవరు, అడంగల్‌లో పేరు దిద్దినోడెవరు, అవి బయటికి రావాల. అసైన్‌మెంట్ రిజిస్టరులోని పేర్లు గ్రామసభలో చదవండి. ఆ సభ కూడా రచ్చబండ దగ్గర వద్దు, కాలనీలో పెట్టండి, కూలికి పోయినోళ్లు తిరిగొచ్చినాక.