భూమి జ్వరం సముద్రంలో చూడాలి

ఏటా జనవరి వచ్చిందంటే అదే వార్త. గడిచిన ఏడాది ఎంత వేడిగా ఉంది, పరిశ్రమల యుగానికి ముందుకంటే 1.5 డిగ్రీలు ఎక్కువ అనే గీత దాటామా లేదా అని. 2024లో దాటేశాం కూడా. సదస్సులూ టీవీ చర్చలూ అన్నీ ఆ ఒక్క అంకె చుట్టూనే తిరుగుతున్నాయి. నా పేచీ ఆ అంకెతోనే. నేల దగ్గరి గాలి, సముద్రం పైపొర, ఈ రెండింటి ఉష్ణోగ్రతలూ కలిపి వేసిన సగటు అది. అంటే పైపైన ఏం జరుగుతోందో మాత్రమే చెబుతుంది.

అసలు వేడి ఎక్కడికి పోతోంది? గ్రీన్‌హౌస్ వాయువుల వల్ల భూమ్మీద అదనంగా పోగవుతున్న వేడిలో 90 శాతానికి పైగా సముద్రాలే తాగేస్తున్నాయి. గాలి వాటా ఒకటి రెండు శాతం. నీటికి వేడిని దాచుకునే శక్తి అంత ఎక్కువ మరి! మొత్తం వాతావరణంలో ఎంత వేడి పడుతుందో, సముద్రం పైన ఉన్న సుమారు 3 మీటర్ల నీటిలోనే అంత పడుతుంది, సముద్రం సగటు లోతేమో 3,700 మీటర్ల దాకా ఉంది. అయినా మనం రెండు శాతం దక్కిన చోట కొలిచి, భూమికి జ్వరం తగ్గిందనీ పెరిగిందనీ తీర్పులిచ్చేస్తున్నాం.

దీనివల్ల జరిగిన నష్టం చిన్నది కాదు. 1998లో బలమైన ఎల్‌నినో (పసిఫిక్ సముద్రం పైపొర కొన్నేళ్లకోసారి మామూలుకంటే వేడెక్కడం) వచ్చి ఉష్ణోగ్రత ఒక్కసారిగా ఎగబాకింది. ఆ తర్వాత పదేళ్లకు పైగా గ్రాఫ్ నెమ్మదిగా కదిలేసరికి, గ్లోబల్ వార్మింగ్ ఆగిపోయిందని ప్రచారం మొదలైంది, చాలామంది నమ్మారు కూడా. ఆ ఏళ్లన్నింటిలోనూ సముద్రంలో వేడి పోగవుతూనే ఉంది. ఏదీ ఆగలేదు. మనం చూడాల్సిన చోట చూసి ఉంటే ఆ వాదన పుట్టేదే కాదు.

మనుషులు బతికేది గాలిలో కదా, వడదెబ్బలకైనా పంటలకైనా ఆ ఉష్ణోగ్రతే ముఖ్యం కదా అంటారు. నిజమే, దాన్ని కొలవొద్దని నేనూ అనడం లేదు. కానీ రేపటి గాలిని నిర్ణయించేది ఇవాళ నీళ్లలో చేరిన వేడే. తుపాన్లకు బలమిచ్చేది అదే. సముద్రమట్టం పెరుగుదలలో మూడో వంతు నుంచి సగం దాకా నీరు వేడెక్కి వ్యాకోచించడం వల్లే. పైపొర వేడెక్కి తేలికైతే అడుగునున్న చల్లటి నీటితో సరిగా కలవదు, దాంతో లోతుల్లోని పోషకాలు పైకి రావు. అప్పుడు దెబ్బ తగిలేది కంటికి కనిపించని సూక్ష్మ మొక్కలకు, ఫైటోప్లాంక్టన్‌కు. భూమ్మీద ఏటా తయారయ్యే ఆక్సిజన్‌లో దాదాపు సగం వాటి చలవే, సముద్రంలోని చేపలన్నింటి తిండీ వాటితోనే మొదలవుతుంది. పైగా వేడి నీటిలో ఆక్సిజన్ తక్కువ కరుగుతుంది.

ఇంత జరుగుతుంటే 2015 పారిస్ ఒప్పందంలో సముద్రాల ప్రస్తావన ఒకే ఒక్క చోట ఉంది, అదీ ఉపోద్ఘాతంలో!

మరి సముద్రం వేడిని కొలవలేమా అంటే, కొలుస్తున్నాం. ఆర్గో అని ఒక ఏర్పాటు ఉంది, ఈ శతాబ్దం మొదట్లో మొదలైంది. మనిషెత్తు గొట్టాల్లాంటి పరికరాలు, సుమారు 4,000, ప్రపంచ సముద్రాలన్నింటిలో తిరుగుతుంటాయి. ఒక్కోటి వెయ్యి మీటర్ల లోతుకు దిగి తొమ్మిది రోజులపాటు ప్రవాహంతో పాటు కొట్టుకుపోతుంది, తర్వాత రెండు వేల మీటర్లకు దిగి, అక్కడి నుంచి పైకి వస్తూ దారి పొడవునా ఉష్ణోగ్రత, ఉప్పదనం రాసుకుంటుంది. పైకి తేలాక ఉపగ్రహానికి ఆ లెక్కలు పంపి మళ్లీ మునుగుతుంది. ఆ సమాచారం ఎవరైనా ఉచితంగా చూడొచ్చు, ఏ దేశానికీ సొంతం కాదు. నన్నడిగితే గత పాతికేళ్లలో దేశాలు కలిసి చేసిన గొప్ప పనుల్లో ఇదొకటి.

అలాంటిది, దాన్ని పరిశోధన ప్రాజెక్టుల్లాగా నిధులు దొరికితే నడిపే పద్ధతిలోనే ఇంకా లాక్కొస్తున్నాం. బ్యాటరీ అయిపోతే పరికరం పని ముగిసినట్టే, కాబట్టి ఏటా వందల కొద్దీ కొత్తవి వదులుతూనే ఉండాలి. ఒక్క పెద్ద దేశం బడ్జెట్ కోసినా లెక్కలో కంతలు పడతాయి, ఆ కంతలను తర్వాత ఎంత డబ్బు పోసినా పూడ్చలేం, ఎందుకంటే నిన్నటి సముద్రాన్ని ఇవాళ వెళ్లి కొలవలేం. అందుకే రోడ్లకూ ఆసుపత్రులకూ ఇచ్చినట్టే దీనికీ ప్రభుత్వాలు ఏటా కచ్చితమైన కేటాయింపు ఇవ్వాలి. ప్రతి వాతావరణ సదస్సూ 1.5 డిగ్రీల మాట ఎత్తే ముందు సముద్రాల్లో ఆ ఏడాది ఎంత వేడి చేరిందో ప్రకటించి చర్చ మొదలుపెట్టాలి.