బొమ్మల రైలైనా నిజమే చెప్పాలి

పట్టాల జోలికి వెళ్లొద్దని పిల్లలకు చెప్పీ చెప్పీ పెద్దల నోరు నొప్పి పుట్టడమే తప్ప ఒరిగిందేమీ లేదు. హెచ్చరిక బోర్డు వాళ్లు చదవరు, స్కూల్లో ఉపన్యాసం చెవికెక్కదు, అదే యానిమేషన్ అయితే కళ్లప్పగించి చూస్తారు. అందుకే రైలు భద్రత మీద, రైళ్లపై రాళ్లు రువ్వే ఆకతాయితనం మీద బొమ్మల సినిమాలు తీయాలంటే మేమూ సై అంటాం. కానీ ఒక చిక్కుంది.

కార్టూన్‌లో బండి కింద నలిగినవాడు మరుక్షణం దుమ్ము దులుపుకుని లేస్తాడు. భద్రత సినిమాలోనూ అదే తమాషా నడిపిస్తే పిల్లలకు గుర్తుండేది తమాషానే. పోనీ హడలగొడదామా అంటే, 1977లో బ్రిటన్ రైల్వే కోసం పిల్లలతోనే నటింపజేసి తీసిన చిన్న చిత్రంలో పట్టాలపై ఆటల పోటీలు, రక్తం, వరసగా శవాలు చూపించారు. పెద్ద గొడవై రెండేళ్లకే దాన్ని పక్కన పెట్టేశారు.

కెమెరాకు చిక్కనిది గీసి చూపించడమే యానిమేషన్‌కున్న అసలు బలం. గంటకు 100 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు దాదాపు 28 మీటర్లు. ఉక్కు చక్రం ఉక్కు పట్టాను ఆనుకునే చోటు నాణెమంతే, పట్టు తక్కువ కాబట్టి బ్రేకు వేశాక ఆగడానికి కిలోమీటరు దాకా పట్టొచ్చు, పైగా పెద్ద వస్తువు దూరం నుంచి వస్తుంటే మన కంటికి నిదానంగా వస్తున్నట్టే ఉంటుంది. ఇక పైనున్న కరెంటు తీగ, చాలా దేశాల్లో 25,000 వోల్టులు, ముట్టుకోనక్కర్లేదు, మరీ దగ్గరికెళ్తే చాలు కరెంటు గాల్లోంచే దూకుతుంది. బోగీ పైకప్పు ఎక్కి సెల్ఫీ దిగబోయే కుర్రాడికి ఈ సంగతి ఎవరు చెప్పారు?

రాయి సంగతీ అంతే. విసిరిన చెయ్యి చిన్నదైనా ఎదురొచ్చే రైలు వేగం దానికి తోడవుతుంది. ఆ సీన్‌ను గట్టు మీది నుంచి కాకుండా బోగీ లోపలి నుంచి చూపించండి: అద్దం మీద ముందు తెల్లటి చుక్క, దాన్నుంచి నాలుగు వైపులా బీటలు, ఆ కిటికీకి తల ఆనించి నిద్రపోతున్న ఎవరో. ముందు ఇంజిన్‌లో ఉన్న డ్రైవర్‌కు రాయి కనిపించినా బండిని పక్కకు తప్పించడానికి చేతిలో స్టీరింగే ఉండదు.

కంచెలో ఎక్కడ దూరాలో, పట్టా మీద ఏం పెట్టాలో మాత్రం పూసగుచ్చినట్టు చూపొద్దు, అది నేర్పినట్టే అవుతుంది. మంచి జోకులన్నీ అల్లరివాడికే రాసిపెట్టే అలవాటూ మానుకోవాలి. విడుదలకు ముందు పదేళ్ల పిల్లలను కూర్చోబెట్టి చూపించి, ఏం నచ్చిందని అడగండి. 'అద్దం భలే పగిలింది' అని ఒక్కడన్నా ఆ సీన్ మళ్లీ గీయాల్సిందే, బడ్జెట్ ఎంతైనా సరే.