టక్ టక్‌మంటే ముందు లింక్ రాడ్ చూడండి

కారు స్పీడ్ బ్రేకర్‌ని నేరుగా ఎక్కి దిగితే పెద్దగా శబ్దం ఉండదు. అదే కాలనీ రోడ్డులో ఒక్క ఎడమ చక్రం గుంటలో పడితే చాలు, కింద నుంచి టక్కుమని ఇనుము ఇనుముకి తగిలినట్టు వినపడుతుంది. ఇరవై, ముప్పై స్పీడులో మ్యాన్‌హోల్ మూతలు, సిమెంటు రోడ్డు అతుకుల మీద టకటకమంటూనే ఉంటుంది. హైవే ఎక్కాక టైర్ల హోరులో కలిసిపోతుంది. ఈ లక్షణాలు చెప్పి బండి అప్పజెప్పిన వాళ్ల చేతికి షాకబ్జర్లు, స్ట్రట్ మౌంట్లు, లోయర్ ఆర్ములు కలిపి వేలల్లో బిల్లు వస్తుంటే కడుపు మండుతుంది. చాలాసార్లు అక్కడ అరిగింది లింక్ రాడ్ ఒక్కటే. చిన్న కార్లకు ఒక్కోటి వందల రూపాయల్లో దొరికే సామాను అది. చక్రం విప్పి రెండు నట్లు తీస్తే చేతిలోకి వచ్చేస్తుంది.

కొందరు లింక్ రాడ్ అంటారు, కొందరు స్టెబిలైజర్ లింక్ అంటారు. రెండూ ఒకటే. ముందు చక్రాల మధ్య అడ్డంగా ఒక ఉక్కు కడ్డీ ఉంటుంది, అది స్టెబిలైజర్ బార్. మలుపులో బండి ఒక పక్కకి ఒరగబోతే ఈ కడ్డీ మెలితిరిగి ఆ ఒరుగుని అడ్డుకుంటుంది. కడ్డీ రెండు చివరల్నీ స్ట్రట్‌కి (స్ప్రింగు, షాకబ్జర్ కలిసిన భాగం) గానీ లోయర్ ఆర్మ్‌కి (చక్రాన్ని కింద నుంచి పట్టి ఉంచే ఇనుప చెయ్యి) గానీ కలిపేదే లింక్. దాని ఒక్కో కొసన కప్పులో కూర్చున్న చిన్న ఉక్కు గోళీ, దాన్ని మూసి రబ్బరు బూటు, లోపల గ్రీజు ఉంటాయి. బూటు చిరిగిన రోజు నుంచి దాని ఆయుష్షు లెక్కపెట్టుకోవాల్సిందే. వానాకాలం బురద లోపలికి దూరుతుంది, గ్రీజు ఇసుకతో కలిసి సానరాయిలా గోళీని అరగదీస్తుంది. విప్పి చూస్తే బూటు మడతల్లో ఎర్రమట్టి రంగు ముద్ద కనిపిస్తుంది, వేళ్ల మధ్య నలిపితే గరగరలాడుతుంది. మంచి లింక్‌లో గోళీ బొటనవేలితో గట్టిగా నెట్టినా బిగువుగా, నెమ్మదిగా కదులుతుంది. అరిగినదాన్ని ఊపితే తెగిన గంట నాలుకలా అటూ ఇటూ వాలిపోతుంది.

స్పీడ్ బ్రేకర్ మీద రాని శబ్దం గుంటలో ఎందుకు వస్తుందో అర్థమైతే సగం రోగం మనమే కనిపెట్టినట్టు. రెండు చక్రాలూ ఒకేసారి లేస్తే కడ్డీకి మెలిపడే పని లేదు, తనని పట్టి ఉంచే రబ్బరు బుష్షుల్లో ఊరికే తిరుగుతుంది, లింకుల మీద పెద్దగా బరువు పడదు. ఒక్క చక్రమే లేచినా దిగినా కడ్డీ మెలిపడుతుంది. అప్పుడు లింక్‌ని ఒకసారి లాగి, మరుక్షణం నొక్కుతుంది. అరిగిన గోళీ కప్పులో ఆ కొస నుంచి ఈ కొసకి కొట్టుకుంటుంది. కాబట్టి ఒకే బ్రేకర్‌ని ఒకసారి నిటారుగా, ఇంకోసారి ఏటవాలుగా ఒక్కో చక్రం ఎక్కేలా, నడక వేగంతో దాటి చూడండి. రెండోసారి మాత్రమే టక్కుమంటే అనుమానం లింకుల మీదకే వెళ్లాలి. ఈ పరీక్షకి రూపాయి ఖర్చు లేదు. ఇది చేయకుండా "సార్, షాకబ్జర్లు పోయాయి" అనేవాళ్ల మాట నమ్మి సంతకం పెట్టకండి.

అన్ని బండ్లకీ ఈ లింక్ ఉండదు. మారుతి 800లో, పాత ఆల్టోలో ఆ కడ్డీయే నేరుగా లోయర్ ఆర్మ్‌లోకి బుష్షులతో దూరి ఉంటుంది. ఆ బండ్లలో శబ్దం వస్తే ఆ బుష్షులే చూడాలి, లింకులు కొనేసి తెల్లమొహం వేయొద్దు.

చేత్తో చూసే పద్ధతి ఇది. బండి నేల మీదే ఉంచి, ఇంజన్ ఆపి, హ్యాండ్ బ్రేక్ లాగి, స్టీరింగ్ ఒక పక్కకి పూర్తిగా తిప్పితే చక్రం వెనక లింక్ కనిపిస్తుంది. దాన్ని పట్టుకుని గట్టిగా ఊపండి. ఇంకొకరు బానెట్ పక్కన నిలబడి బండిని పైకీ కిందకీ కుదుపుతుంటే, లింక్ కీలు మీద రెండు వేళ్లు ఆనించి ఉంచండి. చెవికి వినపడని టక్కు కూడా వేలికి తెలుస్తుంది. ఇంకా అనుమానం ఉంటే రెండు లింకులూ తీసేసి, కడ్డీ కొసలు బ్రేకు పైపుకీ చక్రానికీ తగలకుండా వైరుతో కట్టేసి, వీధిలోనే పది, పదిహేను స్పీడులో వంద గజాలు తోలి చూడొచ్చు. శబ్దం మాయమైతే దొంగ దొరికినట్టే. లింకులు లేకుండా బండి మలుపులో బాగా ఒరుగుతుంది, కాబట్టి ఆ స్థితిలో మెయిన్ రోడ్డు ఎక్కొద్దు.

వేరేవాటిని కూడా తోసిపుచ్చాలి కదా. శబ్దం వస్తున్నప్పుడు బ్రేకు మీద కాలు మెల్లగా ఆనిస్తే ఆగిపోతోందా? అయితే అది బ్రేక్ ప్యాడ్‌దో కాలిపర్‌దో. నిలబడి ఉన్న బండిలో స్టీరింగ్ తిప్పుతుంటే కిర్రుమనో, స్ప్రింగ్ ఎగిరినట్టో వస్తే స్ట్రట్ మౌంట్ బేరింగ్ చూడాలి. చక్రం గాల్లోకి లేపి పైన, కింద పట్టుకుని ఊపితే ఆడుతోందంటే బాల్ జాయింట్ (చక్రాన్ని లోయర్ ఆర్మ్‌కి కలిపే కీలు) లేదా వీల్ బేరింగ్. ఎడమ, కుడి అంచులు పట్టుకుని ఊపితే ఆడుతోందంటే టై రాడ్ ఎండ్ (స్టీరింగ్‌ని చక్రానికి కలిపే కడ్డీ కొస). బాల్ జాయింట్ గానీ టై రాడ్ గానీ అని తేలితే మాత్రం వాయిదా వేయొద్దు, అవి ఊడితే స్టీరింగ్ మన చేతిలో ఉండదు.

ఇక నాకు అస్సలు మింగుడుపడని పని, సిరంజితో గ్రీజు ఎక్కించడం. బూటుకి సూది గుచ్చి గ్రీజు పంపితే నాలుగు రోజులు శబ్దం ఆగుతుంది. అరిగిన గోళీ మళ్లీ పెరగదు, పైగా ఆ రంధ్రంలోంచి నీళ్లు దూరుతాయి. గ్రీజు నిపుల్ ఉన్న లింక్ అయితే ఆ దారిన గ్రీజు కొట్టడం సరైన పనే. సీలు చేసిన దానికి సూది గుచ్చి డబ్బులు తీసుకోవడం మోసం.

కొనేటప్పుడు మోడల్, తయారైన సంవత్సరం, డీజిలా పెట్రోలా అన్నీ చెప్పి తీసుకోండి. కొన్ని బండ్లకి ఎడమ, కుడి లింకులు వేరు, కొన్నిటికి ఒకటే. కొత్తదాన్ని పాతదాని పక్కన నేల మీద పెట్టి పొడవు, మరల మందం, స్టడ్లు (గోళీ నుంచి బయటికి వచ్చే మర ఉన్న కొసలు) ఏ వైపుకి తిరిగి ఉన్నాయో పోల్చనిదే బిగించొద్దు. సెంటీమీటరు తేడా ఉన్నా కడ్డీ వంకరగా కూర్చుంటుంది. రెండు పక్కలా ఒకేసారి మార్చమనే నా సలహా. రెండూ ఒకే రోడ్ల మీద అన్ని కిలోమీటర్లే తిరిగాయి, ఒకటి పోయాక రెండోది ఎంతో కాలం ఆగదు. పైగా రెండు పక్కలా చక్రాలు ఎలాగూ పైకి లేపాలి.

ఎందుకు లేపాలంటే, చాలామంది ఇంట్లో చేసేవాళ్లు ఇక్కడే దెబ్బ తింటారు. ఒక్క పక్కే జాకీ పెట్టి లేపితే ఆ చక్రం వేలాడుతుంది, రెండోది బరువు మీద ఉంటుంది. కడ్డీ మెలిపడి లింక్‌ని గట్టిగా లాగి పట్టుకుంటుంది. నట్టు తీసినా స్టడ్ బయటికి రాదు, వస్తే కడ్డీ ఎగిరి వేళ్ల మీద కొడుతుంది. కొత్తది పెడదామంటే రంధ్రం కలవదు. ముందు వైపు రెండు చక్రాలూ సమానంగా వేలాడితే లింక్ మీద ఒత్తిడి ఉండదు, ఇట్టే వచ్చేస్తుంది.

జాకీ విషయంలో మాత్రం బేరం లేదు. గట్టి సిమెంటు నేల, గేరులో బండి, హ్యాండ్ బ్రేక్, వెనక చక్రాలకి ముందూ వెనకా రాళ్లు ఉండాలి. వీల్ నట్లు చక్రం నేల మీద ఉండగానే పావు చుట్టు వదులు చేసుకోవాలి. స్టీరింగ్ లాక్ కూడా ముందే తీసి ఉంచుకోవాలి. ఒక పక్క లేపి మాన్యువల్‌లో చూపిన చోట జాకీ స్టాండు పెట్టి, తర్వాత రెండో పక్క. రెండు టన్నుల స్టాండ్లు రెండు ఉంటే చిన్న కార్లకి చాలు. బండితో వచ్చే జాకీ లేపడానికే, మోయడానికి కాదు. ఇటుకలు, సిమెంటు దిమ్మెలు అసలు వద్దు, అవి చెప్పకుండా పగులుతాయి. విప్పిన చక్రాన్ని పక్కనే బాడీ కిందకి తోసి ఉంచితే స్టాండు జారినా బండి దాని మీద ఆగుతుంది. స్టాండ్లు కొనలేని పరిస్థితిలో ఈ పని మొదలుపెట్టకండి, అరువు తెచ్చుకోండి.

ఇప్పుడు అసలు పోరాటం. లింక్ మార్చడంలో కష్టం ఏదైనా ఉందంటే పాత నట్టు తీయడమే. నట్టుకి పానా వేసి తిప్పితే గోళీతో సహా స్టడ్ కూడా తిరుగుతుంది, ఎంత తిప్పినా అక్కడే ఉంటుంది. అందుకే స్టడ్ కొసన ఆరు పలకల గుంట ఉంటుంది. చాలా బండ్లకి 5 లేదా 6 మి.మీ. అలెన్ కీ సరిపోతుంది. అలెన్ కీతో స్టడ్‌ని కదలకుండా పట్టి, రింగ్ పానాతో నట్టు తిప్పాలి. నట్టు బండిని బట్టి 14 నుంచి 18 మి.మీ. వరకు ఉంటుంది. కొన్ని లింకులకి బూటు వెనక చదును పలకలు ఉంటాయి, అక్కడ సన్నటి ఓపెన్ పానాతో పట్టుకోవాలి.

తొందరపడితే ఆ గుంట అరిగి గుండ్రమైపోతుంది. ముందు తీగల బ్రష్‌తో మరల మీది మట్టి రాల్చండి. గుంటలో గట్టిపడిన మట్టిని సన్నటి మేకుతో తవ్వి తీయండి. తుప్పు వదిలించే స్ప్రే కొట్టి ఇరవై నిమిషాలు ఆగండి, బ్రేక్ డిస్క్ మీద పడకుండా గుడ్డ అడ్డం పెట్టండి. అలెన్ కీని సుత్తితో నాలుగు దెబ్బలు వేసి అడుగుదాకా దించాకే పానా పట్టండి. నట్టు కొంచెం కదిలి మళ్లీ బిగుస్తుంటే ఇంకాస్త ముందుకే లాగొద్దు. అర చుట్టు వెనక్కి, ఒక చుట్టు ముందుకి, మధ్యలో మళ్లీ స్ప్రే. విశాఖ, కాకినాడ లాంటి సముద్రం ఒడ్డు ఊళ్లలో, మంచు మీద ఉప్పు చల్లే షికాగో, డెట్రాయిట్ వైపు ఉన్న మనవాళ్ల బండ్లలో తుప్పు మరీ మొండిగా ఉంటుంది. అక్కడైతే ముందు రోజు రాత్రే ఒకసారి స్ప్రే కొట్టి పెట్టుకోండి.

గుంట అరిగిపోతే? పాత లింక్ ఎలాగూ పారేసేదే కాబట్టి బూటు కోసేసి, గోళీ మెడని లాకింగ్ ప్లయర్‌తో పట్టి నట్టు తిప్పండి. అదీ కుదరకపోతే హాక్సా బ్లేడుతో నట్టు పక్కన కోయడమే. గ్రైండర్ వాడితే కళ్లద్దాలు పెట్టుకుని, ఏబీఎస్ వైరు, బ్రేక్ హోస్, డ్రైవ్ షాఫ్ట్ బూటు మీద తడి గోనె కప్పండి. ఒక్క నిప్పురవ్వ చాలు ఆ రబ్బరుకి చిల్లు పడడానికి.

కొత్తది బిగించడం పదిహేను నిమిషాల పని. కొత్త నట్లే వాడాలి, నైలాన్ రింగు ఉన్న నట్టు ఒకసారి విప్పితే దాని పట్టు సడలుతుంది. రెండు కొసలూ చేత్తోనే నాలుగు చుట్లు ఎక్కించండి, నైలాన్ రింగు తగిలే దాకా. రంధ్రం కలవకపోతే నట్టుతో లాగి కలపొద్దు, లోయర్ ఆర్మ్ కింద చిన్న జాకీతో మెల్లగా ఎత్తి దించుతూ కలపండి. అప్పుడు అలెన్ కీతో పట్టి రింగ్ పానాతో బిగించి, స్టడ్ భుజం గట్టిగా ఆనాక టార్క్ రెంచ్ (ఎంత బలంతో బిగిస్తున్నామో కొలిచే పానా) వేయండి. ఎం10 (10 మి.మీ. మందం) మర ఉన్న చాలా చిన్న కార్లలో 40 నుంచి 60 న్యూటన్ మీటర్లు ఉంటుంది, ఎం12 ఉన్న కొన్ని మోడళ్లలో 100 కూడా దాటుతుంది. మీ మోడల్ సర్వీస్ మాన్యువల్‌లో ఉన్న అంకెకే కట్టుబడండి. గాలి గన్‌తో కొత్త లింక్ బిగించేవాళ్లని చూస్తే నాకు కోపం ఆగదు. గోళీ కప్పులో గిర్రున తిరిగి వేడెక్కుతుంది, బూటు మెలిపడి చిరుగుతుంది. కొత్త లింక్‌కి మొదటి రోజే అంత గాయం చేసి, తర్వాత సామాను నాసిరకం అంటారు.

గోళీ రకం కాకుండా, పొడవాటి బోల్టుకి రబ్బరు బుష్షులు గుచ్చినట్టుండే లింకులు కూడా ఉన్నాయి. వాటిని మాన్యువల్ చెప్పినంతే బిగించాలి, బుష్షులు చితికేలా కాదు. లోహపు గొట్టంతో అతికిన రబ్బరు బుష్ ఉంటే చివరి బిగింపు చక్రాల మీద బండి బరువు పడ్డాకే. గాల్లో బిగిస్తే రబ్బరు ఎప్పుడూ మెలిపడే ఉండి తొందరగా చీలుతుంది. గోళీ లింక్‌కి ఆ ఇబ్బంది లేదు.

లింకులు మార్చాక వీల్ అలైన్‌మెంట్ తప్పనిసరి అని ఎవరైనా అంటే, ఏ కోణం మారిందో చెప్పమని అడగండి. టో, క్యాంబర్, క్యాస్టర్ అనే చక్రాల కోణాల్లో దేనికీ ఈ లింక్‌తో సంబంధం లేదు. టై రాడ్ గానీ స్ట్రట్ బోల్టులు గానీ విప్పితే అది వేరే సంగతి.

ఇంత చేశాక కూడా టక్కుమంటే ముందు మీ బిగింపే చూడండి. సరిపడా టార్క్ లేని కొత్త లింక్ అచ్చం పాతదానిలాగే మోగుతుంది. తర్వాత కడ్డీని బాడీకి పట్టి ఉంచే డీ ఆకారపు బుష్షులు చూడండి. అవి వదులైతే శబ్దం టక్కు కంటే కొంచెం మొద్దుగా, దడ్ దడ్‌మని ఉంటుంది.

చక్రాల నట్లు ఎదురెదురుగా ఉన్నవి జంటగా, నేల మీద దించాక టార్క్‌కి బిగించండి. లింక్ నట్టు మీద నుంచి స్టడ్ మీదకి తెల్ల పెయింటుతో ఒక గీత గీసి పెట్టండి, గోళ్ల రంగైనా సరే. వంద కిలోమీటర్లు తిరిగాక స్టీరింగ్ తిప్పి టార్చి వేసి చూడండి. గీత ఒకే వరుసలో ఉంటే నట్టు కదల్లేదు. విరిగినట్టు రెండు ముక్కలుగా కనిపిస్తే ఆ నట్టు వదులవుతోంది, ఆ పూటే చక్రం విప్పండి.