తొలి హీరోయిన్‌కి దక్కింది తిట్లే

ఇరాన్ సినిమా చరిత్ర రాసేవాళ్లందరూ 1933 నాటి 'దొఖ్తరే లోర్' పేరు చెప్పాల్సిందే. తొలి పర్షియన్ టాకీ. తీసింది బొంబాయిలో. మన దేశపు తొలి టాకీ 'ఆలం ఆరా' తీసిన అర్దెషిర్ ఇరానీయే దీనికీ నిర్మాత. కథ రాసి హీరోగా వేసింది అబ్దుల్ హుసేన్ సెపంతా. ఈ ఇద్దరినీ ఆకాశానికెత్తాక, హీరోయిన్ రూహంగీజ్ సామీనెజాద్ గురించి 'ముసుగు లేకుండా తెర మీద కనిపించిన తొలి ఇరాన్ ముస్లిం మహిళ' అని ఒక్క ముక్క రాసి చేతులు దులుపుకుంటారు. నాకు ఒళ్లు మండేది అక్కడే.

ఆవిడ నటి కావాలని బొంబాయి రాలేదు. కెర్మాన్ వైపు బామ్ ఊళ్లో పుట్టింది. భర్త ఇరానీ గారి స్టూడియోలో ఉద్యోగి. ఆ రోజుల్లో కెమెరా ముందు నిలబడే ఇరాన్ ఆడవాళ్లు దొరకడమే గగనం. అలా గుల్నార్ వేషం ఈవిడకి వచ్చింది. గుల్నార్‌ని చిన్నప్పుడే బందిపోట్లు ఎత్తుకుపోతారు, టీ దుకాణంలో ఆడి పాడి బతుకుతుంటుంది. ఆవిడ నోట కెర్మాన్ యాస ఎంత చిక్కగా పలికేదంటే, దానికి తగ్గట్టు కథనే సర్దుకున్నారు. టెహ్రాన్ అందమైన ఊరంటారు గానీ అక్కడి మనుషులే చెడ్డవాళ్లు అని ఆ యాసలో గుల్నార్ అన్న మాట ఇరాన్‌లో ఇప్పటికీ చెప్పుకుంటారు.

సినిమా టెహ్రాన్‌లో నెలల తరబడి ఆడింది. గుల్నార్ అన్నమాట మాత్రం ఆవిడ విషయంలోనే నిజమైంది. జనం వెంటపడి తిట్టారు, వేధించారు. చివరికి సినిమాలొదిలేసి, పేరు మార్చుకుని, ఎవరికీ తెలియకుండా బతికింది. 1970లో తీసిన ఒక డాక్యుమెంటరీలో ఆ బాధలు తనే చెప్పుకుంది. 1997లో టెహ్రాన్‌లో పోయింది.

ఇందులో పెద్ద వెటకారం ఏంటంటే, సినిమాకున్న రెండో పేరు 'నిన్నటి ఇరాన్, నేటి ఇరాన్'. రెజా షా రాజుగా వచ్చాక దేశం బాగుపడిందని విని హీరో హీరోయిన్లు బొంబాయి నుంచి ఇంటికి బయల్దేరతారు! బాగుపడిన దేశం సంగతి ఆవిడని అడగాల్సింది. 1936లో అదే షా ముసుగు తీయాల్సిందేనన్నాడు, 1979 ఇస్లామిక్ విప్లవం తర్వాత వచ్చినవాళ్లు వేసుకోవాల్సిందేనన్నారు. ఆడవాళ్ల ఇష్టం రెండుసార్లూ ఎవరికీ పట్టలేదు.

అదే అర్దెషిర్ ఇరానీ డబ్బుతో హెచ్.ఎం. రెడ్డి గారు మన 'భక్త ప్రహ్లాద' తీశారు, అదీ బొంబాయిలోనే. అందులో సురభి కమలాబాయి గారు. మన దగ్గర మాత్రం వేషం కట్టే ఆడదాన్ని నెత్తిన పెట్టుకున్నారా? లేదు. కాకపోతే ఆవిడ వెనక సురభి అనే నాటక కుటుంబమే ఉంది. సామీనెజాద్ వెనక ఎవరున్నారు?

సెపంతాకి మాత్రం కష్టాలు లేవా అంటారేమో. ఉన్నాయి. 1936లో తిరిగొచ్చాక ఇరాన్‌లో ఆయన ఒక్క సినిమా కూడా తీయలేకపోయాడు. కానీ పేరు మార్చుకుని దాక్కోవాల్సిన గతి ఆయనకి పట్టలేదు.