బస్సు ఫ్రీనే, సెలవే దొరకదు

దేవరకొండ, అచ్చంపేట, కోస్గి దిక్కు నుంచి ఇంటిపనికి హైదరాబాద్ పోయే ఆడవాళ్లలో నాలుగిళ్లలో పాచిపని చేసుకుని సాయంత్రానికి బస్తీ చేరేవాళ్లున్నారు. యజమాని ఇంట్లోనే ఉండి వంట, పసిపిల్లలు, మంచాన పడ్డ పెద్దవాళ్లు అన్నీ చూసుకునేవాళ్లూ ఉన్నారు. వీళ్ల గురించి మాట్లాడితే చర్చ జీతం దగ్గరే ఆగిపోతుంది. నా లెక్కలో అంతకన్నా కరువైంది సెలవు.

తెలంగాణలో 2023 డిసెంబర్ 9 నుంచి పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ఆడవాళ్లకు టికెట్ డబ్బుల్లేవు. హైదరాబాద్ ఎంజీబీఎస్ బస్టాండులో ఎక్కితే మూడు నాలుగు గంటల్లో ఊళ్లో ఉండొచ్చు. ఎక్కేదెప్పుడు? పిల్లలు గురుకులంలోనో కస్తూర్బాలోనో ఉంటారు. వాళ్లను చూసి రావాలంటే ఆదివారమే. మేడమ్ ఇంటికి చుట్టాలొచ్చేదీ ఆదివారమే, బిర్యానీ ఎవరు చేయాలి? బతుకమ్మకు అడిగితే 'దసరా అయినంక పోదువులే' అంటారు. అయినంక హాస్టల్ సెలవులూ అయిపోతాయి. ఆమె ఊరికి వెళ్లేసరికి పిల్లలు ఊళ్లో ఉండరు.

యజమానులంతా రాతిగుండెల వాళ్లేం కాదు. ఇద్దరూ ఉద్యోగాలకు పోయే ఇంట్లో ఆమె ఒక్కపూట లేకపోతే నిజంగానే టెన్షన్. అందుకే దీన్ని వాళ్ల మంచితనానికి వదిలేయకూడదు.

ఇంటిపనికి కువైట్ అనగానే పాస్‌పోర్టు లాక్కున్న కథలే గుర్తొస్తాయి. అవి అబద్ధాలేం కాదు. అయినా అక్కడి 2015 నాటి ఇంటిపనివాళ్ల చట్టంలో రోజుకు 12 గంటలకు మించని పని, వారానికో సెలవు, ఏడాదికి జీతంతో నెల సెలవు రాసి ఉన్నాయి. అమలు అంతంతమాత్రమే, కానీ చూపించి అడగడానికి ఒక కాగితముంది. మన జూబ్లీహిల్స్‌లో అదీ లేదు. అంతర్జాతీయ కార్మిక సంస్థ 2011లో చేసిన 189వ ఒప్పందం వారానికి 24 గంటలు ఏకబిగిన విశ్రాంతి ఇవ్వమంటుంది. దానికి ఓటేసిన మన దేశం ఇప్పటికీ ఆమోదముద్ర వేయలేదు. ఇంటిపనివాళ్లకు చట్టం తెచ్చే విషయం పరిశీలించడానికి కమిటీ వేయమని 2025 జనవరిలో సుప్రీంకోర్టు కేంద్రానికి చెప్పింది.

కార్మిక చట్టాలు కేంద్రం, రాష్ట్రం రెండూ చేయగల ఉమ్మడి జాబితాలోవే కాబట్టి రాష్ట్రం ఢిల్లీ వైపు చూస్తూ కూర్చోనక్కర్లేదు. మనిషిని కుదిర్చి కమీషన్ తీసుకునే ఏజెన్సీలు ఉన్నాయి. వారం సెలవుతో పాటు, దసరా, సంక్రాంతి హాస్టల్ సెలవుల్లో కొన్ని రోజులు జీతం కోయకుండా పంపాలన్న షరతుతో ఒప్పంద పత్రం రాయించే బాధ్యత వాటి మీద పెట్టాలి. ఇళ్లలోకి తనిఖీ అధికారులు ఎలా వస్తారని అడుగుతారు. ఏజెన్సీ ఆఫీసుకైతే పోవచ్చు కదా.