అన్ని వేషాలూ వేసిన నోబుల్ జాన్సన్‌కు దక్కని వేషం

1933లో వచ్చిన 'కింగ్ కాంగ్' చూసినవాళ్లకు ఆ దీవి నాయకుడు గుర్తుండే ఉంటాడు. తల మీద ఈకలు, ఆరడుగుల పైబడిన మనిషి. డప్పులు మోగుతుంటాయి, జనం ఊగిపోతుంటారు. పొదల చాటున ఉన్న తెల్లవాళ్లు కంటపడగానే ఒక్క కేక వేస్తాడు. ఆట మొత్తం ఆగిపోతుంది. తాపీగా మెట్లు దిగి వాళ్ల వైపు నడిచొస్తాడు. ఆ నడకలో ఉన్న ధీమా నేర్పితే వచ్చేది కాదు.

ఆ నటుడి పేరు నోబుల్ జాన్సన్. అంతకు ముందు ఏడాది, చాలావరకు అదే అడవి సెట్లో తీసిన 'ది మోస్ట్ డేంజరస్ గేమ్'లో ఆయనే కొసాక్ అనే గుర్రపు యోధుల వర్గానికి చెందిన రష్యన్ నౌకరు ఇవాన్. గడ్డం పెట్టి, ఒంటి రంగు కనబడకుండా తెల్లగా మేకప్ వేశారు. మాట రాని పాత్ర. నల్లజాతి నటుడు తెల్లవాడిగా కనిపించిన తొలి సినిమాల్లో దీన్ని ఒకటిగా చెబుతారు. 1915 నాటి 'ది బర్త్ ఆఫ్ ఎ నేషన్'లో తెల్ల నటులు ముఖాలకు మసి పూసుకుని నల్లవాళ్లుగా నటించారు. అదే పరిశ్రమ ఒక నల్ల నటుడికి పౌడరు కొట్టి రష్యావాడిని చేసింది. ఈ రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే నాకు కడుపు మండుతుంది.

జాన్సన్ మూకీల కాలం నుంచి 1950 దాకా పనిచేసిన క్యారెక్టర్ నటుడు. రెడ్ ఇండియన్, అరబ్బు, ఈజిప్టు సేవకుడు, నరమాంస భక్షకుడు, ఏ వేషమైనా వేశారు. మన దేశపు వేషాలూ ఉన్నాయి. 1924 నాటి 'ది థీఫ్ ఆఫ్ బాగ్దాద్'లో భారత రాకుమారుడు, 1942 నాటి 'జంగిల్ బుక్'లో సిక్కు. చామనఛాయ మనిషి, పైగా బ్లాక్ అండ్ వైట్ ఫిల్ము కావడంతో ఏ జాతివాడంటే ఆ జాతివాడిగా నమ్మించగలిగారు. మరి అమెరికాలోనే పుట్టి పెరిగిన నల్లవాడిగా? 1927లో 'టాప్సీ అండ్ ఈవా'లో బానిస టామ్ వేషం ఇచ్చారు. చదువుకుని, ఉద్యోగం చేసుకుంటూ, తలెత్తుకు తిరిగే నల్ల మనిషి పాత్ర మాత్రం పెద్ద స్టూడియోలు ఇవ్వలేదు. ఆయన్ని 'ఏ పాత్రలోనైనా ఒదిగిపోయే నటుడు' అని మెచ్చుకుంటూ రాసేవాళ్లున్నారు. నిజమే, ఒదిగిపోయారు. కానీ ఆ మెప్పు వెనక ఎంత నిరాకరణ ఉందో కూడా చెప్పాలి కదా.

1881లో మిస్సోరిలో పుట్టి కొలరాడోలో పెరిగారు. తండ్రి గుర్రాలకు శిక్షణ ఇచ్చేవారు, కొడుక్కీ ఆ విద్య అబ్బింది. 1914లో లూబిన్ అనే సినిమా కంపెనీ వాళ్లు కొలరాడోలో షూటింగ్ చేస్తుండగా ఒక నటుడికి దెబ్బ తగిలితే, ఆ స్థానంలో జాన్సన్ రెడ్ ఇండియన్‌గా నిలబడ్డారు. అలా మొదలైంది.

రెండేళ్లు తిరిగేసరికి, 1916లో, తమ్ముడు జార్జ్‌తోనూ మిత్రులతోనూ కలిసి లింకన్ మోషన్ పిక్చర్ కంపెనీ పెట్టేశారు. నల్లవాళ్ల కోసం, నల్లవాళ్లు నడిపిన తొలి సినిమా కంపెనీల్లో అదొకటి. మొదటి సినిమాలో ఆయనే హీరో. పేరు జేమ్స్ బర్టన్, నల్లవాళ్ల కోసం పెట్టిన టస్కెగీ విద్యాసంస్థలో చదివిన సివిల్ ఇంజినీరు. చమురు పని వెతుక్కుంటూ కాలిఫోర్నియా వెళ్తే, రంగు చూసి పొమ్మంటారు. యజమాని కూతురిని ప్రమాదం నుంచి కాపాడి ఉద్యోగం తెచ్చుకుంటాడు. చివరికి సొంత ఊళ్లో, తండ్రి పొలం కిందే చమురు ఉందని కనిపెడతాడు. కథ చాలా మామూలుది. కానీ నౌకరుగానో, నవ్వుల పాలయ్యే మనిషిగానో, దుర్మార్గుడిగానో తప్ప తమను తెర మీద చూసుకోని జనానికి ఈ ఇంజినీరు ఎలా కనిపించి ఉంటాడో ఊహించండి.

డబ్బు ఎక్కడిది? జాన్సన్ యూనివర్సల్ స్టూడియో థియేటర్లలో భాగాలుగా వదిలే సీరియళ్లలో నటించి తెచ్చిన జీతమూ ఇందులోకే వెళ్లేది. జార్జ్ ఒమాహాలో పోస్టాఫీసు ఉద్యోగం చేస్తూనే సినిమాల బుకింగ్ చూసుకునేవారు. నల్లవాళ్ల పేటల్లో థియేటర్లే కొద్ది, ప్రింట్లు అంతకన్నా కొద్ది. అయినా జాన్సన్ పేరు చూసి జనం వచ్చారు. చిక్కంతా అక్కడే వచ్చింది. ఒకే మనిషి యూనివర్సల్ సీరియల్లో చిన్న వేషం, పక్క థియేటర్లో లింకన్ సినిమాకు హీరో. జనం హీరో ఉన్న వైపు వెళ్తున్నారని స్టూడియో ఒత్తిడి తెచ్చిందని చెబుతారు. 1918లో ఆయన లింకన్ నుంచి తప్పుకున్నారు.

దీన్ని వెన్నుచూపడంగా చూడటం అన్యాయమని నా అభిప్రాయం. స్టూడియో జీతం పోతే ఆయన బతుకూ ఆగేది, కంపెనీకి పెట్టుబడీ ఆగేది. ఎటు తిరిగినా నష్టం తమదే అయ్యేలా ఉన్న లెక్కలో ఆయన అన్నం పెట్టే వైపు నిలబడ్డారు. కంపెనీ ఆయన లేకుండా ఇంకో రెండు సినిమాలు తీసి, 1921 తర్వాత ముందుకు సాగలేకపోయింది. అందులో తోటి నటుడు క్లారెన్స్ బ్రూక్స్‌కు 1931లో 'యారోస్మిత్'లో గౌరవంగా మాట్లాడే నల్ల డాక్టరు పాత్ర దొరికింది. స్టూడియోలకు అలాంటి పాత్ర రాయడం చేతకాక కాదని అది చూస్తేనే అర్థమవుతుంది. జాన్సన్‌కు మాత్రం ఆ పిలుపు రాలేదు.

1978లో, 96 ఏళ్ల వయసులో ఆయన పోయారు. జార్జ్ దాచిన పేపర్ కటింగులు, ఉత్తరాలు లాస్ ఏంజెలెస్‌లోని కాలిఫోర్నియా యూనివర్సిటీ లైబ్రరీలో ఉన్నాయి. లింకన్ సినిమాల్లో చివరిదాని ముక్కలు కొన్ని నిమిషాలు మిగిలాయి, అందులో జాన్సన్ లేరు. ఆయన హీరోగా చేసినవన్నీ పోయాయి. దీవి నాయకుడు మెట్లు దిగి రావడం ఈ రాత్రికి కూడా చూడొచ్చు. ఇంజినీరు జేమ్స్ బర్టన్ ఎలా నడిచాడో చూసే దారి లేదు.