డాగ్‌మార్ చేసింది నటన కాదా?

1950 మే నుంచి 1951 ఆగస్టు దాకా అమెరికాలో ఎన్‌బీసీ టీవీ వాళ్లు రాత్రి పొద్దుపోయాక ‘బ్రాడ్‌వే ఓపెన్ హౌస్’ అనే లైవ్ షో వేసేవారు. అందులో చిన్న పాత్రతో పేరు తెచ్చుకున్న డాగ్‌మార్ గురించి అక్కకీ తమ్ముడికీ వాదన.

తమ్ముడు: ఆవిడ చేసిందేముంది అక్కా? వర్జీనియా రూత్ ఎగ్నోర్ అన్న సొంత పేరు కూడా తెర మీద లేదు. డాగ్‌మార్ అని పేరు పెట్టింది షో నడిపిన జెర్రీ లెస్టరే. మంచి గౌను వేసుకుని స్టూల్ మీద కూర్చో, ఏమీ తెలియని అమ్మాయిలా ఉండు అన్నాడు. కూర్చుంది. దాన్ని ప్రతిభ అంటే ఎలా?

అక్క: కూర్చోవడం అంత తేలికా? లైవ్ రా అది! తప్పు దొర్లితే రెండో టేక్ లేదు. పక్కన జోకులు పేలుతుంటే, స్టూడియోలో జనం పగలబడి నవ్వుతుంటే, తను మాత్రం ఏమీ అర్థం కానట్టు మొహం పెట్టి కవిత చదవాలి. పెదవి కొంచెం కదిలినా పాత్ర పోయినట్టే. పెళ్లి వీడియో తీసేటప్పుడే మనం నవ్వు ఆపుకోలేం. ఆవిడకి ఎంత టెన్షన్ ఉండి ఉంటుందో!

తమ్ముడు: జనం చూసింది మొహాన్ని కాదక్కా. అప్పటి అమెరికన్ కార్ల ముందు బంపర్ల మీద పొడుచుకొచ్చిన లోహపు బుడిపెలకు ‘డాగ్‌మార్లు’ అని పేరు పెట్టుకున్నారు. చివరికి ఆవిడ పేరు మిగిలింది అక్కడే.

అక్క: అది చదివినప్పుడు నాకు ఒళ్లు మండింది. అది ఆ పేరు పెట్టినవాళ్ల చూపు. దానికి ఆవిడెందుకు జవాబు చెప్పాలి? వారానికి 75 డాలర్లతో మొదలైన జీతం 1,250 దాకా వెళ్లింది. ఊరికే ఎవరిస్తారు? అందరి కళ్లూ ఆవిడ మీదే ఉంటున్నాయని 1951 మేలో లెస్టర్ షో వదిలేసి వెళ్లిపోయాడు. జులై 16 ‘లైఫ్’ పత్రిక ముఖచిత్రం ఆవిడదే.

తమ్ముడు: ఆయన వెళ్లిన మూడు నెలలకే షో ఆగిపోయిందిగా. 1952లో సొంతంగా చేసిన ‘డాగ్‌మార్స్ క్యాంటీన్’ కూడా ఎక్కువ కాలం నడవలేదు.

అక్క: నడవకపోతే లేనట్టేనా? ఇప్పటికీ వస్తున్న ‘టునైట్ షో’ మొదలైంది 1954లో. అంతకంటే ముందే రాత్రిపూట సరదా షోకి దారి వేసింది వీళ్లే.

తమ్ముడు: దారి వేసింది షో, ఆవిడ కాదు.

అక్క: అదెలా తేలుస్తావ్? అప్పటికి వీడియో టేపే లేదు. టీవీ తెర ముందు ఫిల్మ్ కెమెరా పెట్టి తీసిన కినెస్కోప్ రీళ్లే దిక్కు. అవీ చాలా కొద్దిగా మిగిలాయి. ఆవిడ పని చూడకుండానే తీర్పు చెప్పేస్తున్నాం.

తమ్ముడు: చూడకుండా గొప్ప అనడమూ అంతేగా?

అక్క: సరే, ఆ మిగిలినవే పెట్టుకుని చూద్దాం. ఈసారి గౌను సంగతి వదిలెయ్. పక్కవాడి జోకు పేలిన క్షణంలో ఆవిడ కళ్లు చూడు.